హంగరీ, పోలండ్ ఇళ్లలోని చవక కూర: తరచుగా అడిగే ప్రశ్నలు

ఈ కూర గురించి అడిగేవాళ్లలో కొందరు బుడాపెస్ట్, డెబ్రెత్సెన్, వార్సా, క్రాకూఫ్‌లలో చదువుకుంటున్న మన పిల్లలు. ఇంకొందరు ఇక్కడే ఉద్యోగాలు చేసుకుంటూ ఇంట్లో నలుగురికి వండి పెట్టేవాళ్లు. అందరిదీ ఒకటే మాట: నెలాఖరులో జేబుకి బరువు కాకుండా, రెండు పూటలా సరిపోయేలా ఏదైనా చెప్పండి అని. నాకు తెలిసి దానికి ఇంతకంటే మంచి కూర లేదు. ఇందులో ఖరీదైన ముక్క వేస్తే రుచి పెరగదు, తగ్గుతుంది. కావలసినవి ఉల్లిపాయలు, మంచి పప్రికా (కారం తక్కువ, రంగు ఎక్కువ ఉండే ఎర్ర మిరప పొడి), ఓపిక, అంతే.

ఇది అసలు ఏ కూర? గులాష్ అంటే ఇదేనా?

పూర్తిగా కాదు. బయటి దేశాల్లో గులాష్ పేరుతో వడ్డించే చిక్కటి కూరని హంగరీలో పోర్కోల్ట్ అంటారు. వాళ్లు గుయాష్ అని పలికే అసలు గులాష్ పల్చగా, గిన్నెలో పోసుకుని చెంచాతో తాగేలా ఉంటుంది. హంగరీ పెద్ద మైదానాల్లో పశువుల కాపరులు ఆరుబయట మంట మీద బొగ్రాచ్ అనే పాత్ర వేలాడదీసి వండుకున్న వంట అది. పోర్కోల్ట్‌లో పుల్లమీగడ కలిపితే పప్రికాష్ అవుతుంది, పులియబెట్టిన క్యాబేజీ కూడా చేరిస్తే సేకెయ్ గుయాష్ అవుతుంది. నేను చెప్పబోయేది ఈ చివరిదానికి దగ్గర. ఉల్లిపాయ, పప్రికా, మాంసాన్ని దాని నీటిలోనే మగ్గించే పద్ధతి హంగరీవి. మరువం, పొగబెట్టిన సాసేజ్ ముక్కలు, ఎండు పుట్టగొడుగులు పోలండ్ వంటింటివి, వాళ్లు బిగోస్‌లో (పుల్ల క్యాబేజీ, మాంసం కలిపి చేసే కూర) వేసుకునే సరుకులు.

రెండు దేశాల వంటని ఇలా కలిపేస్తే వాళ్లు ఒప్పుకుంటారా?

పోలండ్‌లో ఏ మామూలు హోటల్‌కి వెళ్లినా ప్లాత్సెక్ పో వెంగ్యెర్స్కు అని ఉంటుంది, అంటే హంగరీ తరహా అట్టు. పెద్ద బంగాళాదుంప అట్టు మీద గులాష్ పోసి పైన ఒక చెంచా మీగడ వేసి ఇస్తారు. వాళ్లే ఎప్పుడో కలిపేశారు. ట్రాన్సిల్వేనియాని ఏలిన హంగరీ ప్రభు వంశంవాడు స్తెఫాన్ బాతొరి 1576 నుంచి 1586 వరకు పోలండ్‌కి రాజుగా ఉన్నాడు. కత్తి పట్టినా గ్లాసు పట్టినా పోలండ్‌వాడూ హంగరీవాడూ అన్నదమ్ములే అని రెండు భాషల్లోనూ సామెత ఉంది. మార్చి 23ని స్నేహ దినంగా కూడా జరుపుకుంటారు. మొహమాటం లేకుండా కలపండి.

నలుగురైదుగురికి ఎంతెంత సరుకు కావాలి?

మాంసం 700 గ్రాములు, ఉల్లిపాయలు 400 గ్రాములు, తీపి పప్రికా పొడి రెండు పెద్ద చెంచాలు నిండుగా. నూనె లేదా పంది కొవ్వు మూడు పెద్ద చెంచాలు, వెల్లుల్లి నాలుగు రెబ్బలు, ఒక క్యాప్సికం, ఒక టమాటా. బంగాళాదుంపలు అర కిలో, పులియబెట్టిన క్యాబేజీ 300 గ్రాములు, పొగబెట్టిన సాసేజ్ 100 నుంచి 150 గ్రాములు, పుల్లమీగడ ఒక చిన్న డబ్బా (200 గ్రాములది). ఒక చెంచా కారవే గింజలు (షాజీరా లాంటివి), ఒక చెంచా ఎండు మరువం, ఒక బే ఆకు (మన బిర్యానీ ఆకు లాంటిది), ఉప్పు. ఇంటికి ఇంకో ఇద్దరు వస్తే మాంసం పెంచకండి, రెండు బంగాళాదుంపలు, ఇంకాస్త క్యాబేజీ, ఉడికించిన బీన్స్ గింజలు ఒక కప్పు చేర్చండి. హంగరీలో బీన్స్‌తో చేసే గుయాష్‌కి వేరే పేరే ఉంది, బాబ్‌గుయాష్. కక్కుర్తి పడి గింజలు కలిపారని ఎవరూ అనుకోరు.

ఏ మాంసం తీసుకుంటే చవక పడుతుంది?

పంది మాంసం తినేవాళ్లయితే భుజం ముక్క, పోలండ్ దుకాణాల్లో వొపాత్కా అని రాసి ఉంటుంది. గొడ్డు మాంసమైతే పిక్క ముక్క. రెండిట్లోనూ కండ మధ్యలో తెల్లగా, జిగటగా పొరలు కనిపిస్తాయి. అవి చూసి వెనక్కి పెట్టేస్తుంటారు చాలామంది, ఈ కూరకి కావలసింది అవే. సన్నని సెగ మీద గంటకి పైగా ఉంటే ఆ పొరలు కరిగి పులుసుకి చిక్కదనం ఇస్తాయి. లేత ముక్క అంతసేపు ఉడికితే నారలా ఎండిపోతుంది. చికెన్ వండుకునేవాళ్లు బ్రెస్ట్ కొనొద్దు, ఎముకతో ఉన్న కాళ్లు కొనండి, ధర తక్కువ, రుచి ఎక్కువ.

అన్నిటికంటే చవక మాత్రం కందనకాయలు. ఈ మాట చెప్పగానే మనవాళ్ల మొహాలు వెలుగుతాయి, ఎందుకంటే కందనకాయల వేపుడు తెలియని తెలుగిల్లు తక్కువ. హంగరీలో కందనకాయల పోర్కోల్ట్ ఉంది, పోలండ్‌లో కందనకాయల గులాష్ ఉంది, రెండు చోట్లా అమ్మమ్మలు వండే ఇంటి కూరే అది. పోలండ్ సూపర్ మార్కెట్లలో చికెన్ పెట్టిన అరల్లోనే, కింది వరసలో, జొవొంత్కి అని రాసిన ట్రేల్లో దొరుకుతాయి, మన దగ్గర లాగా విడిగా అడగాల్సిన పని లేదు. వాటిని కడిగి, లోపలి వైపు ఎక్కడైనా పసుపు పొర అంటుకుని ఉంటే గోటితో లాగేసి (వదిలేస్తే చేదు వస్తుంది), ఒక్కోదాన్ని రెండు మూడు ముక్కలు చేయండి. గంటన్నర ఓపికగా ఉడికితే పంటికింద మెత్తగా, ఆ కాస్త కరకర మిగిలి, మాంసం కంటే బాగుంటాయి. ఈ పేజీలో ఒక్క సలహానే పాటిస్తానంటే ఇదే పాటించండి.

వరసగా ఎలా చేయాలి?

మందపాటి గిన్నెలో నూనె వేడిచేసి, సన్నగా తరిగిన ఉల్లిపాయలు, చిటికెడు ఉప్పు వేసి, మధ్యస్థ సెగ మీద పావుగంటకి తక్కువ కాకుండా మగ్గించండి. ఎర్రగా వేయించొద్దు, మెత్తబడి బంగారు రంగు తిరగాలి. గిన్నె పొయ్యి మీంచి దించి, పప్రికా వేసి కలిపి, వెంటనే అర గ్లాసు నీళ్లు పోయండి. మళ్లీ పొయ్యి మీద పెట్టి మాంసం, వెల్లుల్లి, కారవే గింజలు, ఆకు, ఉప్పు వేసి కలిపి మూత పెట్టండి. మాంసం నీరు వదులుతుంది, ఆ నీటిలోనే ఉడకనివ్వండి. ముక్క ముప్పావు వంతు ఉడికాక క్యాప్సికం, టమాటా, సాసేజ్ ముక్కలు, బంగాళాదుంపలు వేసి, అవి మునిగేంత వేడినీళ్లు పోయండి. ఎండు పుట్టగొడుగులు దొరికితే గుప్పెడు నానబెట్టి, ఆ నీళ్లతో సహా ఇప్పుడే. దుంపలు మెత్తబడ్డాక పుల్ల క్యాబేజీ, మరువం వేసి ఇంకో ఇరవై నిమిషాలు. చివర్లో మీగడ.

అన్ని ఉల్లిపాయలు ఎందుకు? తగ్గిస్తే ఏమవుతుంది?

పులుసు పల్చబడుతుంది. హంగరీ పద్ధతిలో చిక్కదనానికి పిండి కలపరు, కరిగిపోయిన ఉల్లిపాయే గుజ్జు అవుతుంది. పోలండ్ ఇళ్లలో ముక్కలకి కాస్త మైదా అద్ది వేయించే అలవాటుంది, అదీ తప్పేం కాదు. కానీ ఉల్లిపాయలు మాంసంలో సగం బరువుండాలి, అంతకు తగ్గించొద్దు.

పప్రికా బదులు మన కారం వేయొచ్చా?

గుంటూరు కారం రెండు పెద్ద చెంచాలు వేస్తే ఎవరూ తినలేరు, ఒక చిన్న చెంచా వేస్తే కూరకి రంగూ రాదు, ఆ తీపి వాసనా రాదు. పప్రికా అనేది కారం కోసం వేసే పొడి కాదు, ఈ కూరలో అదే ముఖ్యమైన సరుకు. మిరప మొక్క 16వ శతాబ్దంలో, తుర్కుల కాలంలో హంగరీకి చేరింది. తర్వాత సెగెడ్, కలోచా ఊళ్ల చుట్టూ పొలాలన్నీ దానికే అయ్యాయి, వాళ్లు కారం తక్కువ, రంగూ తీపీ ఎక్కువ ఉండే కాయల్నే పెంచుకుంటూ వచ్చారు. విటమిన్ సి మీద పనిచేసిన ఆల్బెర్ట్ సెంట్ జ్యోర్జి సెగెడ్‌లో ఉండగా దాన్ని పెద్ద మొత్తంలో తీసింది ఈ పప్రికా కాయల నుంచే, 1937లో ఆయనకి నోబెల్ వచ్చింది.

హంగరీలో, పోలండ్‌లో ఉన్నవాళ్లు ప్యాకెట్ మీద ఎదెష్ (హంగరీ) లేదా స్వొద్కా (పోలండ్) అని ఉన్నది చూసి కొనండి, రెండూ తీపి రకాలే. స్మోక్డ్ పప్రికా స్పెయిన్‌ది, ఈ కూరలో అదే మొత్తం వేస్తే మిగతా వాసనలన్నిటినీ మింగేస్తుంది. హైదరాబాద్‌లో, విజయవాడలో ఉండి వండుకునేవాళ్లకి కాశ్మీరీ మిర్చి పొడి ఒక దారి. నాకు అంతకంటే నచ్చింది వరంగల్ చపాటా మిర్చి. టమాటా మిర్చి అని కూడా అంటారు. లావుగా, ముదురు ఎరుపుతో, కారం తక్కువగా ఉంటుంది, పచ్చళ్లకి రంగు కోసం వాడతారు, 2025లో భౌగోళిక గుర్తింపు కూడా దక్కింది. గింజలు దులిపేసి, పొడి చేసి, చిటికెడు పంచదార కలిపి వాడండి.

ఏ పొడైనా చిన్న ప్యాకెట్టే కొనండి. ఇటుక రంగులోకి దిగిన పాత పొడితో వండితే కూర గోధుమ రంగులోకి వచ్చి, మట్టి వాసన వేస్తుంది. గట్టిగా మూత పెట్టి చీకట్లో, వీలైతే ఫ్రిజ్‌లో ఉంచండి.

కూర చేదుగా వచ్చింది, ఎందుకు?

నూటికి తొంభై పాళ్లు పప్రికా మాడింది. ఆ పొడిలో చక్కెర ఎక్కువ, కాగుతున్న నూనెలో పడితే కొన్ని క్షణాల్లోనే మాడుతుంది. అలాగని నూనె తగలకుండా నీళ్లలో వేసినా కుదరదు, దాని రంగు దిగేది నూనెలోనే. అందుకే దించి, వేసి, నాలుగుసార్లు తిప్పి, నీళ్లు పోయాలి. సరిగ్గా చేస్తే గిన్నె అంచుల్లో నూనె నారింజ రంగులో తేలుతుంది, ముక్కుకి కాల్చిన క్యాప్సికం వాసన తగులుతుంది. నల్లటి చుక్కలు కనిపిస్తే, ఘాటుగా దగ్గు వస్తే ఆ ఉల్లిపాయ పారేసి మళ్లీ మొదలుపెట్టండి. మాంసం వేశాక దిద్దుకుందాంలే అనుకుంటే మాంసం కూడా పోతుంది.

ఇండక్షన్ స్టవ్ వాడేవాళ్లూ గిన్నెని పక్కకే తీయాలి. స్విచ్ ఆపినా మందపాటి అడుగు వేడి పట్టుకునే ఉంటుంది.

అల్లం, గరం మసాలా, ధనియాల పొడి?

వద్దు. అవి పడితే మంచి మసాలా కూరే వస్తుంది, కానీ ఈ కూర రాదు. ఒక్కసారి వాళ్ల పద్ధతిలోనే వండి చూడండి, నచ్చకపోతే రెండోసారి మీ ఇష్టం.

ఎంతసేపు ఉడకాలి? కుక్కర్‌లో చేయొచ్చా?

మొత్తం గిన్నెలోనే వండితే, ముక్క మెత్తబడడానికి చికెన్ కాళ్లకి 40 నిమిషాలు, పంది భుజానికి గంటా పావు నుంచి గంటన్నర, కందనకాయలకి గంటన్నర, గొడ్డు పిక్కకి రెండున్నర గంటల పైనే. మధ్యలో నీళ్లు ఇగిరిపోయి అడుగంటేలా ఉంటే పావు గ్లాసు వేడినీళ్లు మాత్రమే పోయండి. ఒకేసారి లీటరు కుమ్మరిస్తే ముక్క ఉడుకుతుంది గానీ రుచి నీళ్లపాలవుతుంది. నీరు ఇగిరి, నూనె తేలి, చిటపటమని శబ్దం వచ్చినప్పుడల్లా ఒకసారి అడుగు గీకి కొంచెం నీళ్లు పోయడం, ఇలా రెండు మూడు సార్లు చేస్తే ఆ రంగూ చిక్కదనం వస్తాయి.

గ్యాస్, కరెంటు ఖర్చు చూసుకుంటే కుక్కరే నయం. ఉల్లిపాయ, పప్రికా పని మూత లేకుండా పూర్తిచేసి, మాంసం వేసి ఒక గ్లాసు నీళ్లతో మూత పెట్టండి. పంది మాంసానికి నాలుగైదు విజిల్స్, మటన్‌కి, కందనకాయలకి ఆరేడు, గొడ్డు పిక్కకి ఇంకా ఎక్కువ. తర్వాత మూత తీసి నీరు ఇగరనిచ్చాకే దుంపలు వేయాలి. ఈ ఇగరబెట్టే పది నిమిషాలు తప్పించుకోవద్దు.

బంగాళాదుంపలు గంటైనా గట్టిగానే ఉన్నాయి, దుంపలు పాతవా?

దుంపల తప్పు కాదు, క్యాబేజీ ముందే వేసి ఉంటారు. పప్పు ఉడక్కముందే చింతపండు రసం పోస్తే ఏమవుతుందో ఇక్కడా అదే, పులుపు తగిలితే దుంప మెత్తబడదు. చాకుతో గుచ్చితే సులువుగా దిగేవరకు ఆగి, అప్పుడు క్యాబేజీ వేయండి.

పుల్ల క్యాబేజీ ఎలాంటిది కొనాలి? ఇంట్లో చేసుకోవచ్చా?

పోలండ్‌లో కపుస్తా కిషోనా అని అడగండి. సంతల్లో పీపాల్లోంచి తూకానికి ఇస్తారు, సీసాలో కొన్నదానికంటే చవక. ప్యాకెట్ కొంటే వెనక చదవండి: క్యాబేజీ, ఉప్పు, ఉంటే క్యారెట్. వెనిగర్ అని కనిపిస్తే అది పులిసింది కాదు, పులుపు పోసింది, పక్కన పెట్టండి. హంగరీలో శవాన్యూ కాపోస్తా అంటారు. వాడేముందు గట్టిగా పిండండి, మరీ పుల్లగా ఉంటే ఒకసారి కడగండి, కానీ పిండిన రసం పారబోయొద్దు, చివర్లో పులుపు చాలకపోతే అదే రెండు చెంచాలు పోసుకోవచ్చు.

ఇంట్లో చేయడం చాలా తేలిక. కిలో క్యాబేజీ సన్నగా తరిగి, 20 గ్రాముల ఉప్పు వేసి, నీరు ఊరేదాకా చేత్తో గట్టిగా పిసకండి. గాజు సీసాలో కుక్కి, ముక్కలు ఆ నీటిలో మునిగే ఉండేలా పైన బరువు పెట్టి, మూత వదులుగా ఉంచండి. మన ఎండలకి వారంలోపే పులుపు వస్తుంది, అప్పుడు ఫ్రిజ్‌లోకి. వార్సా చలికాలంలో రెండు వారాలైనా పట్టొచ్చు. నీటి పైకి తేలిన ముక్కకి బూజు పడుతుంది, అందుకే ఆ బరువు తప్పనిసరి.

మీగడ వేయగానే విరిగిపోయింది.

ఒక గిన్నెలో మీగడ, ఒక చెంచా మైదా ఉండలు లేకుండా కలిపి, వేడి పులుసు ఒక్కో గరిటె పోస్తూ పల్చబరచి, అప్పుడు కూరలో పోయండి. ఐదు నిమిషాలు సన్నగా ఉడికితే మైదా పచ్చి వాసన పోతుంది, తెర్లనివ్వొద్దు. పోలండ్‌లో 18 శాతం ష్మియెతానా, హంగరీలో 20 శాతం తెయ్‌ఫోల్ తీసుకోండి, కొవ్వు తక్కువున్నవి త్వరగా విరుగుతాయి. మన దగ్గరైతే గుడ్డలో వడగట్టిన గట్టి పెరుగు, మీగడ సమానంగా కలిపి వాడుకోవచ్చు.

మరువం, కారవే ఇండియాలో ఎక్కడ దొరుకుతాయి?

పోలండ్ వాళ్ల మయెరానెక్ మన మరువమే, మల్లెపూలలో కలిపి కట్టేది. పూల కొట్టులోది మాత్రం వంటకి వాడకండి, మందులు కొట్టి ఉంటాయి. నర్సరీలో మొక్క తెచ్చి కుండీలో పెంచుకుని, ఆకు నీడలో ఆరబెట్టుకోండి. అదీ లేకపోతే ఒరెగానో, సగం కొలతే. కారవేకి షాజీరా దగ్గరి చుట్టం, మామూలు జీలకర్ర వేస్తే వాసన పూర్తిగా మారిపోతుంది. వాళ్ల ఆకు, మన బిర్యానీ ఆకు వేర్వేరు చెట్లవి, కానీ లేని పక్షంలో మనది ఒకటి వేయడం వల్ల కూరేం పాడవదు.

మాంసం తినని వాళ్లకి?

హంగరీలో పుట్టగొడుగుల పోర్కోల్ట్ రోజూ వండుకునే కూరే. అరకిలో బటన్ మష్రూమ్స్ నాలుగేసి ముక్కలు చేసి ఇదే పద్ధతిలో వండితే అరగంటలో అయిపోతుంది. ఇంకా చవక కావాలంటే సోయా ముక్కలు, వేడినీళ్లలో నానబెట్టి గట్టిగా పిండి వేయండి, పిండకపోతే ఆ వాసన కూరంతా పడుతుంది. దొంగ గుయాష్ అనే అర్థం వచ్చే పేరుతో, కూరగాయలే వేసి చేసే చారు కూడా అక్కడి ఇళ్లలో ఉంది. సాసేజ్ లేని లోటుకి ఎండు పుట్టగొడుగులు, చిటికెడు స్మోక్డ్ పప్రికా పనిచేస్తాయి, ఇక్కడొక్కచోటే దాన్ని వాడమంటాను.

దేనితో తినాలి? అన్నంలో బాగుంటుందా?

బాగుంటుంది. పోలండ్‌లో బ్రెడ్‌తోనో, గ్రిచానా కాషా అనే ఉడికించిన బక్‌వీట్‌తోనో తింటారు, హంగరీలో నోకెడ్లితో. నోకెడ్లి ఒకసారి చేసి చూడండి, పిల్లలు వదలరు. మూడు వందల గ్రాముల మైదా, రెండు గుడ్లు, ఉప్పు, ముప్పావు గ్లాసు దాకా నీళ్లు, గరిటె నుంచి మెల్లగా జారేలా కలపాలి, ఎక్కువసేపు గిలకొడితే సాగుతుంది. దానికోసం అక్కడ వేరే తురుముడు చట్రం అమ్ముతారు, కొనక్కర్లేదు, పెద్ద కన్నాలున్న బూందీ గరిటె చాలు. మరుగుతున్న ఉప్పునీళ్ల మీద గరిటె పట్టుకుని, పిండి పోసి, చెంచా వెనకవైపుతో రుద్దితే చిన్న చిన్న ముద్దలు పడతాయి, పైకి తేలగానే తీసి కాస్త నూనె కలిపేయండి. ఆవిరికి గరిటె కన్నాలు మూసుకుపోతుంటే చన్నీళ్లలో ముంచి మళ్లీ మొదలుపెట్టండి.

పిల్లలు తింటారా? పెద్దవాళ్లకి కారం చాలదేమో?

తీపి పప్రికాతో చేస్తే ఐదేళ్ల పిల్లలు కూడా ఇబ్బంది లేకుండా తింటారు. కారం కావలసినవాళ్లకి హంగరీ వాళ్లు చేసేదే చేయండి, ఎరోష్ పిష్టా అని ఎర్ర మిరపకాయల ముద్ద సీసా బల్ల మీద పెడతారు, ఎవరి కంచంలో వాళ్లు కలుపుకుంటారు. మన పండుమిర్చి పచ్చడి కూడా బ్రహ్మాండంగా కుదురుతుంది.

ఎన్నాళ్లు నిలవ ఉంటుంది?

ఫ్రిజ్‌లో మూడు రోజులు నిశ్చింతగా. రెండో రోజే ఎక్కువ రుచి. వండిన గిన్నెతోనే రాత్రంతా పొయ్యి మీద వదిలేయకండి, వెడల్పాటి డబ్బాల్లోకి తీసి రెండు గంటల్లోపు ఫ్రిజ్‌లో పెట్టండి. ఫ్రీజర్‌కైతే దుంపలు, మీగడ వేయకముందే తీసి పక్కన పెట్టాలి, గడ్డకట్టి కరిగిన దుంప ఇసకలా అవుతుంది. అందుకే ఆదివారం రెట్టింపు మాంసం, ఉల్లిపాయ వండి సగం ఫ్రీజర్‌లో పెట్టుకోమంటాను, వారం మధ్యలో అరగంటలో భోజనం తయారు.

హాస్టల్‌లో ఒక్క గిన్నె, ఒక్క హాట్‌ప్లేట్ ఉంది. ఏం చేయను?

పప్రికాష్ క్రుంప్లి చేసుకోండి. రెండు ఉల్లిపాయలు, పప్రికా, కిలో బంగాళాదుంపలు, చక్రాల్లా కోసిన సాసేజ్ కొంచెం, మునిగేంత నీళ్లు, అరగంట. ముగ్గురికి సరిపోతుంది. హంగరీలో డబ్బులు తక్కువున్న రోజు ఇంటింటా వండేది ఇదే.

కొంచెమే మిగిలింది, ఒక్కరికీ చాలదు. పారేయాలా?

పారేయొద్దు, అట్లు పోయండి. నాలుగు బంగాళాదుంపలు, ఒక ఉల్లిపాయ తురిమి, నీరు గట్టిగా పిండి, గుడ్డు, రెండు చెంచాల మైదా, ఉప్పు కలిపి, నూనె కాస్త ఎక్కువే వేసి పెనం మీద అరచేయంత అట్లు రెండు వైపులా ఎర్రగా కాల్చండి. మిగిలిన కూరని వేడిచేసి, ముక్కల్ని గరిటెతో చిదిమి, ఒక్కో అట్టు మీద రెండు చెంచాలు వేసి మడిచి ఇవ్వండి. తురుము కలిపి ఉంచేస్తే నీరు ఊరి నల్లబడుతుంది కాబట్టి పెనం వేడెక్కాకే దుంపలు తురమండి.